మా తమ్ముడి మీద తెరిచిన షీటు

"రౌడీ అంటే ఏందే బిడ్డా?" అని మా అవ్వ నన్ను అడిగింది. అమ్మను మేం అవ్వ అనే పిలుస్తాం.

నేనప్పటికి మునిసిపాలిటీ బడిలో పిల్లలకు తెలుగు చెప్పే పంతులమ్మను. మాటలకు అర్థాలు చెప్పడమే నా ఉద్యోగం. అవ్వ నల్లా దగ్గర బిందె పట్టుకుని నిలబడి ఉంటే, ఠాణా జవాను సైకిల్ ఆపి, వాడకట్టు ఆడవాళ్లందరూ వింటుండగానే, "నీ కొడుకు మీద రౌడీ షీటు తెరిచినం. మాకు చెప్పకుండ ఊరు దాటొద్దను" అని చెప్పి పోయాడట. షీటంటే అవ్వకు తెలిసింది బెడ్‌షీటు. మా వరంగల్ కాశిబుగ్గలో సగం మగ్గాల మీద నేసేది అవే. రౌడీ అన్న ముక్కే ఆమెకు అర్థం కాలేదు. బిందె అక్కడే వదిలేసి, రెండు గల్లీలు దాటి మా ఇంటికి వచ్చింది.

"మంచి మాట కాదవ్వా" అన్నాను.

"అది నాకూ తెల్సు. వాడు చెప్పిన తీరే చెప్తాంది" అంది.

ఎమర్జెన్సీ ఎత్తేసిన తర్వాతి సంవత్సరాల సంగతి ఇది. మా తమ్ముడు జంఖానాలు, అంటే నేల మీద పరిచే తివాచీలు నేసేవాడు. మా నాయిన పోయాక ఆయన మగ్గం మీదే కూర్చున్నాడు. బక్కపలచటి మనిషి. సాయంత్రం మగ్గం దిగేసరికి కనుబొమల మీద, చెవుల వెనక నూలు దుమ్ము తెల్లగా పట్టి ఉండేది. శుక్రవారం కొత్త సినిమా పడితే మొదటాటకు పోవడం తప్ప వేరే వ్యసనం లేదు. కానీ ఒక గుణం ఉండేది వాడికి. తప్పు తూచితే ఊరుకోడు. చిన్నప్పుడు కిరాణా షాపులో చింతపండు తక్కువొచ్చిందని సేటుతో మళ్లీ తూయించేవాడు. కొట్లాడి కాదు, "సేటూ, జర మళ్లొక్కసారి" అని నవ్వుతూ, కదలకుండా అక్కడే నిలబడి. ఆ నిలబడడమే వాడి కొంప ముంచింది.

నేతగాళ్ల సొసైటీకి సర్కారు తక్కువ ధరకు నూలు ఇచ్చేది. ఆ నూలు సొసైటీలో సభ్యులందరికీ పంచాలి. ఆ ఏడు ఎండాకాలం పోయి వానలు పడ్డా "నూలు రాలేదు" అన్న మాటే తప్ప నూలు లేదు. మగ్గాలు ఆగిపోయాయి. నేతగాడు కాళ్లు పెట్టుకునే మగ్గం గుంటల్లో బల్లులు తిరిగాయి. సొసైటీ ప్రెసిడెంటు మాత్రం కొత్త మేడ మీద ఇంకో అంతస్తు లేపుతున్నాడు. ఆయన్ని నేను ప్రెసిడెంటనే అంటాను. మా వాడలో అందరూ అట్లాగే అనేవాళ్లు, ఆ మాటే ఆయన పేరైనట్టు. ఎప్పుడూ తెల్లటి ధోతి, బుగ్గలో కిళ్లీ, మనిషి వచ్చే ముందే గులాబీ అత్తరు వాసన.

ఒక మధ్యాహ్నం సొసైటీ వెనక గేటు నుంచి రిక్షాలో నూలు బేళ్లు బయటికి పోతుండగా మా తమ్ముడు చూశాడు. పక్కనున్న ఇద్దరిని పిలుచుకుని రిక్షాకు అడ్డం నిలబడ్డాడు. "ఏడికి కాకా?" అని అడిగితే రిక్షా ఆయన నిజమే చెప్పాడు, బీటుబజార్లో ఫలానా షావుకారు దుకాణానికి అని. ముగ్గురూ కలిసి రిక్షాను అట్లాగే నెట్టుకుంటూ ఠాణాకు తీసుకుపోయారు. దొంగసొత్తు అప్పజెప్పి, మా తమ్ముడు అక్కణ్నుంచి నేరుగా నా బడికి వచ్చాడు. క్లాసు గుమ్మంలో నిలబడి, చెమటతో, పండుగ మొహంతో, "అక్కా, దొంగ దొరికిండు!" అన్నాడు. నా పిల్లలు కూడా దేనికో తెలియకపోయినా నవ్వారు.

పొద్దు గుంకేసరికి నూలు ప్రెసిడెంటు ఇంటికి చేరింది. మా తమ్ముడు లాకప్పుకు చేరాడు, వెంట ఉన్న ఇద్దరితో సహా. తనను కొట్టి జేబులో ఉన్నది గుంజుకున్నారని రిక్షా ఆయన చేత ఫిర్యాదు రాయించారు. మర్నాడు అవ్వా నేనూ సద్ది తీసుకుపోతే, వాడు గోడకు ఆనుకుని కాళ్లు చాపి కూర్చున్నాడు. అరికాళ్లు ఉబ్బి నల్లగా కందిపోయాయి. మగ్గం నేసేవాడికి కాళ్లే కదా ఆధారం. మగ్గం కింద తొక్కుడు కర్రలు, పావులు తొక్కాలి. కొట్టిన వాళ్లకు ఆ సంగతి తెలిసే కొట్టి ఉంటారని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది.

కేసు కోర్టులో నడిచింది. రిక్షా ఆయన బోనులో నిలబడి, మా తమ్ముడి మొహం ఒకసారి చూసి తల దించుకుని, "వీళ్లు కొట్టలేదు దొరా. నా మీద ఎవ్వలు చెయ్యి వెయ్యలేదు" అన్నాడు. కేసు కొట్టేశారు. అవ్వ వాడంతా బెల్లం పంచింది. ఆ బెల్లం తీపి నోట్లో ఉండగానే జవాను నల్లా దగ్గర సైకిల్ ఆపాడు. ముగ్గురిలో షీటు మాత్రం ముందు నిలబడిన మా తమ్ముడి ఒక్కడి మీదే.

నేను మా తమ్ముణ్ని వెంటబెట్టుకుని ఠాణాకు పోయాను. మా ఆయన వద్దన్నాడు. "నీది సర్కారు నౌకరి, ఊకె వాళ్ల కండ్లల్ల పడకు" అన్నాడు. అయినా పోయాను. ఎస్సై ముందున్న కుర్చీలో ప్రెసిడెంటు కూర్చుని సాసర్లో చాయ్ పోసుకుని ఊదుకుంటున్నాడు. మమ్మల్ని చూసి లేవలేదు, ఇబ్బంది పడలేదు. తన ఇంటికి చుట్టాలొచ్చినట్టు నవ్వాడు.

"సార్, కోర్టు కేసు కొట్టేసింది కదా. మరి ఈ షీటు ఎందుకు?" అని అడిగాను.

ఎస్సై నాకు పాఠం చెబుతున్నట్టే చెప్పాడు. "కోర్టు కోర్టే టీచరమ్మా, షీటు షీటే. కేసుకు రుజువు కావాలె. షీటుకు మా అనుమానం సాలు."

"ఎన్నాళ్లుంటది?"

"మంచోడని మాకు అనిపించేదాక."

ప్రెసిడెంటు సాసరు కింద పెట్టి, "పోరడు మంచోడే, జర తొవ్వ తప్పిండు. నేను సూసుకుంటనమ్మా, ఫికర్ చెయ్యకు" అన్నాడు. అంటూ మా తమ్ముడి భుజం మీద చెయ్యి వేశాడు. ఆ అత్తరు వాసన నా కొంగుకు పట్టింది. ఇంటికి వచ్చి ఆ చీర నానబెట్టి, రెండుసార్లు సబ్బు పెట్టి ఉతికాను.

వచ్చేటప్పుడు వరండాలో గోడ మీద చెక్క పలక చూశాను. జేబుదొంగలు, తాళాలు పగలగొట్టేవాళ్లు, సారా కాసేవాళ్ల ఫోటోలు వరసగా అంటించి ఉన్నాయి. వాళ్ల మధ్య మా తమ్ముడు. తల దువ్వుకోనివ్వకుండా తీసిన ఫోటో అది. అట్లా తీస్తే ఎవరైనా దొంగలాగే కనిపిస్తారు.

ఆ తర్వాత మా వాళ్ల బతుకు పండుగలను బట్టి కాకుండా ఠాణాను బట్టి నడిచింది. వినాయక నిమజ్జనం ఉన్నా, మొహర్రంకు పీరీలు లేచినా, మంత్రి వస్తున్నా ముందురోజే జవాను వచ్చేవాడు. షీటు ఉన్న వాళ్లందరూ పొద్దుగాలే ఠాణా వాకిట్లో హాజరు కావాలి. ఊరేగింపు అయిపోయేదాకా ఎండలో కూర్చోవాలి. వాళ్లలో ఒక ముసలాయనకు పక్క మనిషి కూడా సరిగ్గా కనబడేవాడు కాదు. వయసులో ఉన్నప్పుడెప్పుడో మేకను ఎత్తుకుపోయాడట. ఆయన ఉచ్చకు పోవాలన్నా మా తమ్ముడే చెయ్యి పట్టుకుని తీసుకుపోయేవాడు. ఊరికి శాంతి భద్రతలు అట్లా కాపాడేవాళ్లు.

అసలు వసూళ్లు చేసేవాళ్లు ఎవరో ఊరందరికీ తెలుసు. బస్టాండు దగ్గర తోపుడు బండ్ల వాళ్లను బెదిరించి పొద్దున్నే డబ్బులు గుంజే నలుగురు మనుషులు ఉండేవాళ్లు. ఎలక్షన్లలో ప్రెసిడెంటు జీపు వెనక వేలాడేది వాళ్లే. నిమజ్జనం రోజు వాళ్ల జేబులకు గుడ్డ పువ్వుల బ్యాడ్జీలు ఉండేవి. వాలంటీర్లట. ప్రెసిడెంటేమో శాంతి కమిటీలో సభ్యుడు. ఠాణా ముందు నుంచి ఊరేగింపు పోతుంటే, లోపల వాకిట్లో కూర్చున్న మా తమ్ముణ్ని ఆ బ్యాడ్జీల వాళ్లు వేలితో చూపించి నవ్వుతూ పోయేవాళ్లు.

మా మరదలికి, తమ్ముడి భార్యకు, ఇద్దరు పిల్లలు పురిట్లోనే పోయాక మూడో కాన్పులో ఆడపిల్ల దక్కింది. పిల్ల బతికితే ఎత్తు బెల్లం ఇస్తానని అవ్వ మేడారం తల్లులకు మొక్కింది. ఆ బెల్లాన్ని బంగారమే అంటాం మేము. పిల్ల నడిచి, మాటలు నేర్చేసరికి జాతర వచ్చింది. బెల్లం కొన్నాం, కోడిని కొన్నాం, కొత్త బట్టలు కుట్టించాం. తెల్లవారితే బస్సు ఎక్కుతామనగా జవాను గుమ్మం ముందు నిలబడ్డాడు.

"జాతర అయిపోయేదాక షీటోళ్లు ఎవ్వలు ఊరు దాటొద్దు. ఠాణాకు నడు."

"అన్నా, నా బిడ్డ మొక్కు. మొక్కు అప్పజెప్పెతందుకు పోతాన్న" అన్నాడు మా తమ్ముడు.

"జేబుదొంగలు గిట్లనే చెప్తరు" అన్నాడు జవాను. అన్నది కోపంతో కూడా కాదు. ఆవలిస్తూ అన్నాడు.

వాడు లేకుండానే పోయాం. దారి పొడుగునా పిల్ల "బాపు ఏడి?" అని అడుగుతూనే ఉంది. తల్లుల గద్దెల దగ్గరికి ఒకరినొకరం పట్టుకుని జనంలో ఈదుకుంటూ పోయాం. అంతకుముందు కాంటాలో ఒకవైపు పిల్లను కూర్చోబెట్టి, తండ్రి పెట్టాల్సిన బెల్లం ముద్దలను రెండోవైపు నేను పెట్టాను. అవ్వ ఏడ్చింది కానీ కన్నీళ్లు తుడుచుకోవడానికి చేతులు ఖాళీ లేవు, రెండు చేతులా కోడిని పట్టుకుంది. తిరిగి వచ్చేటప్పుడు చూసుకుంటే మా మరదలి సంచిని ఎవరో అడుగున బ్లేడుతో కోశారు. చార్జీలకు ఉంచుకున్నది పోయింది. పోలీసుల గుడారం దగ్గరికి పోయి చెబితే, అక్కడున్న జమాదారు నమ్మలేదు.

"వరంగల్ల ఉన్నోళ్లందర్ని లోపలేసినం గదమ్మా. ఇగ దొంగలేడికెళ్లి వస్తరు? ఏడనో పారేసుకున్నరు, సూసుకోండ్రి."

తోటి ప్రయాణికులు తలా కొంత వేసుకుని మమ్మల్ని బస్సెక్కించారు.

సొసైటీ వాళ్లు మా తమ్ముడికి నూలు ఇవ్వడం మానేశారు. షీటు ఉన్నవాడికి ఇస్తే సంఘానికి చెడ్డపేరట. వాడు ఇంకో సేటు దగ్గర కూలికి నేశాడు. పిల్ల నా బడిలోనే చేరింది. ఒకరోజు ఇంటర్వెల్లో తోటి పిల్లలు దాని చుట్టూ చేరి "రౌడీ బిడ్డ, రౌడీ బిడ్డ" అని గంతులేస్తుంటే నేను పోయి చెదరగొట్టాను. అది ఏడవలేదు. "అత్తా, రౌడీ అంటే ఏంది?" అని అడిగింది. నానమ్మ అడిగిన మాటే. పలక తీసుకుని క్లాసుకు పొమ్మన్నాను.

తర్వాత ప్రభుత్వం మారింది. కొత్త పార్టీ వచ్చింది, కొత్త మాటలు వచ్చాయి. ప్రెసిడెంటు కండువా రంగు కూడా మారింది. ఆ మార్పుకు ఆయనకు ఒక్క రాత్రి పట్టింది. పోలీసుల్లో సంస్కరణ తెస్తున్నామని జిల్లాకు ఒక పెద్దాఫీసరును పంపించారు. వయసు తక్కువ. చక్కటి తెలుగు మాట్లాడేవాడు. తప్పుదారి పట్టినవాళ్లను కొట్టి కాదు, మనసు మార్చి దారిలో పెట్టాలనేవాడు. పేపర్లో ఆయన మాటలు చదివి, నిజం చెప్పాలంటే, నాకూ ఆశ పుట్టింది. ఆయన ఒక సభ పెట్టించాడు. షీట్లు ఉన్నవాళ్లు అందరి ముందూ తప్పు ఒప్పుకుని, ఇక చెయ్యమని ప్రమాణం చేస్తే వాళ్ల షీట్లు మూసేస్తారు. కొందరికి కుట్టు మిషన్లు, రిక్షాలు ఇప్పిస్తారు. సభ జరిగేది మా బడి మైదానంలోనే. షామియానా, కుర్చీలు, దండలు అన్నీ ప్రెసిడెంటు తరఫున.

సభ ముందురోజు సాయంత్రం నేను అవ్వ ఇంటికి పోయేసరికి అందరూ మగ్గం గుంట చుట్టూ కూర్చుని ఉన్నారు.

"నేను చేసిన నేరమేందో చెప్పుమనుండ్రి. రేపట్నుంచి మానుకుంట. చెయ్యందాన్ని ఎట్ల మానుకుందు?" అంటున్నాడు మా తమ్ముడు.

మా మరదలు అంది, "పిల్లకు బడిల పేరు పెడ్తాండ్రు. అది పెద్దదైతాంది. నీ నోట్లకెళ్లి ఒక్క మాట ఊడిపడితె మనకు పీడ పోతది."

అవ్వ వాడి మోకాలు మీద చెయ్యి వేసింది. "దేవుని ముంగట కాదు గదా బిడ్డా, గాళ్ల ముంగట. గాళ్ల ముంగట అబద్ధమాడితె పాపం లేదు."

నేను వద్దన్నాను. "ఒప్పుకుంటే అది నిజమైపోతది తమ్మీ. వాళ్లు మాట మీద నిలబడే మనుషులు కాదు."

వాడు నన్ను బయటి దాకా సాగనంపుతూ మెల్లగా అన్నాడు, "నాకు తెల్సక్కా. కని అవ్వ పానం కొట్టుకుంటాంది. రేపు నేను పోకుంటే, షీటు నా పంతంతోనే ఉన్నదనుకుంటది సచ్చేదాక."

మర్నాడు మేము టీచర్లం పిల్లలను వరసల్లో కూర్చోబెట్టాం. స్వాగతం పాట నేర్పించాం. పెద్దాఫీసరు చప్పట్లు కొట్టినప్పుడల్లా చప్పట్లు కొట్టాలని హెడ్మాస్టరు ముందే చెప్పి ఉంచాడు. వేదిక మీద మధ్య కుర్చీలో పెద్దాఫీసరు, ఆయన పక్కన ప్రెసిడెంటు. కింద ఒక పక్క షీట్ల వాళ్లు నేల మీద. అందరినీ స్నానం చేసి తెల్ల చొక్కాలు వేసుకుని రమ్మన్నారు. మేక ముసలాయన తెల్ల చొక్కా లేక ఎవరిదో వేసుకుని వచ్చాడు, చేతులు వేళ్ల దాకా వేలాడుతున్నాయి.

ఒక్కొక్కరినీ మైకు దగ్గరికి పిలిచారు. పేరు చెప్పాలి, చేసిన నేరం చెప్పాలి, ఇక చెయ్యనని చెప్పాలి. జేబులు కొట్టేవాడొకడు చెప్పాడు. సారా కాసేవాడొకడు చెప్పాడు. ముసలాయన "మ్యాక" అని ఊరుకుంటే అందరూ నవ్వారు. పెద్దాఫీసరు కూడా నవ్వాడు. తర్వాత మా తమ్ముడు ఎక్కాడు. వాడి చూపు ప్రెసిడెంటు కాళ్ల దగ్గర ఉంది. వెనక నుంచి ఎస్సై చెప్పాల్సిన మాట అందించాడు.

"రిక్షా ఆయన్ని కొట్టిన" అన్నాడు. "పైసలు గుంజుకున్న. ఇగ గట్ల చెయ్య."

ప్రెసిడెంటు లేచి వచ్చి వాడి మెడలో దండ వేశాడు. చెంప మీద తట్టాడు. పెద్దాఫీసరు చప్పట్లు కొట్టాడు. మా పిల్లలందరూ కొట్టారు. మూడో వరసలో మా మేనకోడలు అందరికంటే గట్టిగా కొట్టింది. పక్కపిల్లతో "మా బాపు, మా బాపు" అని చూపిస్తోంది. తండ్రి స్టేజీ ఎక్కడం, దండ వేయించుకోవడం అది ఎప్పుడూ చూడలేదు మరి.

ఆ తర్వాత ప్రెసిడెంటు ఉపన్యాసం మొదలైంది. మన కాశిబుగ్గలో దొంగతనం అనే మాట ఇక వినబడకూడదన్నాడు. కష్టపడి నేసుకునేవాడి నోటికాడి కూడు లాక్కునేవాణ్ని తాను క్షమించనన్నాడు. ఆ మాట ఆయన తడబడకుండా అన్నాడు. నేను పిల్లలను పక్క టీచరుకు అప్పజెప్పి తరగతి గదుల వెనక్కి పోయాను. అక్కడ గోడ పట్టుకుని, పొద్దున తిన్నదంతా కక్కాను. దొంగను చూసి నాకు వాంతి రాలేదు. దొంగలను లోకంలో అందరూ చూస్తారు. ఆ దొంగ చేతి కింద చొక్కా గుండీలు పెట్టుకుని, తలలు దువ్వుకుని, చేతులు కట్టుకుని నిలబడిన ఆ మనుషులను చూస్తే వచ్చింది. దానికి సంస్కరణ అని పేరు పెట్టి, నా పిల్లల చేత పాట పాడించారు.

మా తమ్ముడు ఆ దండను ఇంటికి తేలేదు. దారిలో ఏదో ఆవుకు పెట్టాడట.

నెలలు గడిచాయి. పెద్దాఫీసరుకు బదిలీ అయింది. షీటు మూశారో లేదో ఎవరూ చెప్పలేదు, మేమూ మూసేశారనే అనుకున్నాం. అంతలో మళ్లీ ఎలక్షన్లు వచ్చిపడ్డాయి. జవాను వచ్చాడు, ఈసారి కొత్త జవాను. తహసీల్ ఆఫీసుకు వచ్చి బైండోవర్ కావాలన్నాడు. అంటే ఎలక్షన్లు అయ్యేదాకా గొడవ చెయ్యనని పూచీకత్తు రాసివ్వాలి, ఇద్దరు జమానతు ఉండాలి. నేను మళ్లీ ఠాణాకు పోయాను. ఎస్సై కూడా కొత్తాయనే. ఆయనకు మొత్తం కథ చెప్పాను. నూలు సంగతి, కోర్టు సంగతి, ప్రమాణం సంగతి. ఓపికగా విన్నాడు. విని అన్నాడు:

"మైకుల ఒప్పుకున్నది మీ తమ్ముడే గద టీచరమ్మా? నేను కొట్టలేదని ముందు అన్నడు. తర్వాత కొట్టిన అన్నడు. ఇప్పుడు మమ్ముల ఏం చెయ్యమంటరు? ఒప్పుకున్న మనిషి షీటు ఎట్ల తీస్తం?"

"ఒప్పుకుంటే తీస్తమనే కదా ఒప్పించింది?"

"అది ఆ సారు మాట. ఆర్డరు రాలేదు."

పలక మీద మా తమ్ముడి ఫోటో మారింది. పాతది తీసేసి, సభలో తీసిన దండ ఫోటోలోంచి మొహం వరకు కత్తిరించి అంటించారు. మెడ దగ్గర బంతి పువ్వులు సగం సగం కనిపిస్తున్నాయి.

ఇంటికి వచ్చి ఈ మాట చెబితే వాడు కోప్పడలేదు. అవ్వ వైపు చూసి, "చేసిన గదవ్వా, నువ్వు చెప్పినట్టు" అన్నాడు, అంతే. అవ్వ ఆ పూట తినలేదు. బైండోవర్ అయ్యాడు. ఎలక్షన్లయ్యాయి. ప్రెసిడెంటు మనుషులు మూడు పోలింగు బూతుల్లో ఓట్ల డబ్బాలు ఎత్తుకుపోయారని ఊరంతా చెప్పుకుంది. వాళ్లలో ఏ ఒక్కడి మీదా షీటు లేదు.

ఆ తర్వాత మా తమ్ముడు రాష్ట్రం దాటి భీవండి పోయాడు. మా వాడ నుంచి అప్పటికే చాలామంది అక్కడి పవర్‌లూములకు పోయి ఉన్నారు. ఎవరికీ చెప్పకుండా, ఠాణాకు అసలే చెప్పకుండా, ఒక మధ్యాహ్నం బట్టల మూటతో స్టేషనుకు నడిచిపోయాడు. కొంతకాలానికి భార్యనూ బిడ్డనూ పిలిపించుకున్నాడు. వాడు పోయిన వారం దాటకుండానే జవాను నా బడికే వచ్చాడు.

"మీ తమ్ముడు ఏడున్నడు? చెప్పకుండ ఊరిడిసి పోయిండు."

"ఊళ్లో దొంగతనాలు తగ్గినయా మరి?" అని అడిగాను. ఆయన మొహం ఎర్రబడింది. కానీ పిల్లలు చూస్తున్నారని సైకిల్ ఎక్కి పోయాడు.

తర్వాత కొన్నాళ్లకు ప్రెసిడెంటు అసెంబ్లీ టికెట్టు కోసం తిరగడం మొదలుపెట్టాడు. నేతగాళ్ల ఓట్లు చీలిపోకూడదు. ఒక ఆదివారం నేను అవ్వ తలకు నూనె పెడుతుంటే జీపు వచ్చి ఇంటి ముందు ఆగింది. ప్రెసిడెంటు చెప్పులు బయట విడిచి, వంగి లోపలికి వచ్చాడు. ఒకడు మిఠాయి డబ్బా పట్టుకుని వెనక నిలబడ్డాడు. వెంటనే ఆ అత్తరు వాసన ఇల్లంతా కమ్ముకుంది.

"అవ్వా, నీ కొడుకు షీటు తీసేయించిన. నేనే స్వయంగ పోయి కొట్లాడి తీసేయించిన. వాణ్ని పిలిపించు. మన సంఘంల కుర్చీ ఏసి కూసోబెడ్త" అన్నాడు.

అవ్వ కొంగు తలమీదికి లాక్కుంది. "తీసేయించింది నువ్వే. మరి తెరిపిచ్చింది ఎవలయ్యా?" అని అడిగింది.

అడగడంలో వెటకారం లేదు. తెలుసుకోవాలని అడిగినట్టే ఉంది. ప్రెసిడెంటు కిళ్లీ ఒక బుగ్గ నుంచి ఇంకో బుగ్గకు మార్చుకున్నాడు. "అవన్ని ఇప్పుడెందుకవ్వా? అయ్యిందేదో అయ్యింది. మనం మనం ఒక్కటి" అన్నాడు. లేచి బయటికి పోయి, మా గడప పక్కన మోరీ కాలువలోకని ఊశాడు. అది మోరీలో పడలేదు, గోడ మీద పడింది. జీపు పోయాక ఎర్రటి ఆ మరకను బకెట్టు నీళ్లు పోసి చీపురుతో రుద్దాను. సున్నం గోడ, లోపలికి పీల్చుకుంది. పూర్తిగా పోలేదు. మిఠాయి డబ్బాను విప్పకుండానే తీసుకుపోయి చెత్తకుండీలో వేశాను. అవ్వ వద్దనలేదు. తిండి పారేస్తే ఒప్పుకునే మనిషి కాదు ఆమె.

టికెట్టు ఆయనకే వచ్చింది, గెలిచాడు కూడా. గెలిచాక ఖైదీల బాగోగులు చూసే కమిటీలో వేశారు. జైలులో ఖైదీలకు పండ్లు పంచుతున్న ఫోటో పేపర్లో వచ్చింది.

మా తమ్ముడు ఆ ఎండాకాలం భార్యాబిడ్డలతో వచ్చాడు. మనిషి ఇంకా చిక్కిపోయాడు. దగ్గు పట్టుకుంది. పిల్ల పొడుగైంది, మాటల మధ్య మరాఠీ దొర్లిస్తోంది. అన్నం పెట్టి, షీటు తీసేశారని చెప్పాను.

"ఎందుకు తీసిండ్రు?" అని అడిగాడు.

"ఎలక్షన్ల కోసం."

వాడు చారు కలుపుకున్నాడు. "అంటే మంచోణ్ని అని కాదన్నట్టు" అన్నాడు.

సొసైటీలో కుర్చీ కోసం పోలేదు, ఎవరినీ కలవలేదు. నాయిన మగ్గాన్ని విప్పి, బాగున్న కర్రలు పక్కింటి వాళ్లకు ఇచ్చేశాడు. పోయేటప్పుడు అవ్వను కూడా తీసుకుపోయాడు. కాజీపేట దాకా నేను వెంట పోయాను. అవ్వ కిటికీ పక్కన కూర్చుని, ఒళ్లో ఉన్న పచ్చడి జాడీ ఒలకకుండా రెండు చేతులా పట్టుకుంది. రైలు కదిలేముందు, "అక్కడ పోలీసులు ఎట్లుంటర్రా?" అని కొడుకును అడిగింది.

"అక్కడ మనం ఎవలమో వాళ్లకు తెల్వదవ్వా" అన్నాడు వాడు.

ఆ మాటకు అవ్వ మొహంలో నిజంగానే నిమ్మళం కనిపించింది. జాడీని సీటు కింద పెట్టి, కాళ్లు ముడుచుకుని కూర్చుంది.